బ్యాంక్ స్ట్రీట్‌లో కార్పెట్ కింద నక్షత్రం

నేను అమెరికా ఎప్పుడూ వెళ్ళలేదు. కానీ ఒహాయో రాష్ట్రంలో ఒక చిన్న ఊరి బ్యాంకు భవనంలో ఏ కిటికీ ఎంత ఎత్తులో ఉందో, ఏ స్తంభం ఎంత లావో చూడకుండా చెప్పగలను. దోహాలో నేను పనిచేసే డ్రాయింగ్ ఆఫీసుకి రెండేళ్ళుగా ఎక్కువగా వస్తున్నది ఇలాంటి పనే. అక్కడ నూరేళ్ళు దాటిన బ్యాంకుల్ని హోటళ్ళుగా, లైబ్రరీలుగా మారుస్తున్నారు. వాళ్ళు ఫొటోలు, స్కానింగ్ కొలతలు పంపిస్తారు. మేం ఇక్కడ కూర్చుని డ్రాయింగులు గీసి తిరిగి పంపుతాం. ఏది ఉంచాలి, ఏది తీసేయాలి అని మొదటి చిత్తు రాసేది కూడా మేమే. ఈ ఒహాయో బ్యాంకు మీద నేను నాలుగు నెలలు పనిచేశాను. హాలులో నేలంతా కార్పెట్ ఉంది. కార్పెట్ కింద ఏముందో స్కాన్‌లో తెలియదు. పాత కాగితాల్లోనూ లేదు. అందుకని డ్రాయింగులో హాలు నేల మీద "మొత్తం తొలగించాలి" అని రాసి, ఆదివారం పంపడానికి సిద్ధంగా ఉంచాను.

ఆ వారంలోనే ఒక మధ్యాహ్నం లచ్చన్న నా కుర్చీ వెనక ఆగాడు. మా బిల్డింగులో పాలరాతి నేలకి పాలిష్ పెట్టే కంపెనీలో ఆయన ఫోర్‌మన్. జగిత్యాల దగ్గర పల్లె. ఖతార్ వచ్చి ఇరవై ఆరేళ్ళు. నా స్క్రీన్ మీద అదే కాలానికి చెందిన ఇంకో బ్యాంకు ఫొటో ఉంది. ఎత్తయిన హాలు, నేల మధ్యలో రాతితో పొదిగిన గుండ్రటి ముగ్గు.

"ఇది యాడిది మేడమ్?" అన్నాడు.

"అమెరికాలో ఒక పాత బ్యాంకు, లచ్చన్న గారూ."

"ఇసొంటిదే నేనొకటి ఏసిన. ఈడనే, బ్యాంక్ స్ట్రీట్ల."

నేను తలూపానే గాని పెద్దగా నమ్మలేదు. ఆయన గోడకి ఆనుకుని నిలబడి చెప్పుకుపోయాడు. ఎనిమిది కోణాల నక్షత్రం, ఆకుపచ్చ రాయి, చుట్టూ తెల్లరాయి. ఒక బ్యాంకు వాళ్ళు హాలు కొత్తగా చేయించుకున్నప్పుడు ఏడుగురు కలిసి మూడు నెలలు చేశారట. అప్పటిదాకా రాళ్ళు మోసిన లచ్చన్న చేతికి ఒక రాజస్థాన్ మేస్త్రీ మొదటిసారి రాతి పని ఇచ్చింది ఆ నక్షత్రం దగ్గరే. "బ్యాంకు తెరిచినంక మళ్ల లోపటికి పోలే. అకౌంట్ లేనోడు బ్యాంకుల ఎందుకు అడుగుపెడ్తడు? సోమవారం ఇంటికి పోతున్న మేడమ్. ఇగ మళ్ల రాను. ఒక్కసారి చూసి పోవాలని ఉన్నది. నేనొక్కన్ని పోతె రానియ్యరు."

ఈ ప్రయాణం అలా మొదలైంది. దోహాలో ఉంటూ, దోహాలోనే, మెట్రోలో రెండు స్టేషన్ల దూరం. అయినా నేను చేసిన ప్రయాణాల్లో రాయదగ్గది ఇదే అనిపిస్తోంది.

శుక్రవారం పొద్దున చర్చిలో తెలుగు ఆరాధన ముగిసేసరికి పది అయింది. ఇంటికి, అంటే అల్ తుమామాకి వచ్చి, పిల్లలకి అన్నం సర్ది, పన్నెండింటికి టాక్సీ ఎక్కాను. ఫరీజ్ బిన్ మహమూద్ వరకు ఇరవై రెండు రియాళ్ళు అయింది. మీరు శుక్రవారం బయల్దేరేటట్టయితే ఒకటి గుర్తుంచుకోండి. జుమ్మా నమాజు వేళ చిన్న హోటళ్ళు, కొట్లు మూసి ఉంటాయి, పన్నెండున్నర దాటితే గాని తెరుచుకోవు. లచ్చన్న మెట్రో స్టేషన్ మెట్ల దగ్గర నిలబడి ఉన్నాడు. ఇస్త్రీ చేసిన తెల్ల చొక్కా, నూనె రాసి దువ్విన జుట్టు. రోజూ నీలం యూనిఫాంలో చూసే మనిషిని ఒక్క క్షణం పోల్చుకోలేకపోయాను.

స్టేషన్ వెనక సందులో మన వాళ్ళ మెస్ ఒకటి ఉంది. చేపల పులుసు, పప్పు, పెరుగుతో భోజనం పదిహేను రియాళ్ళు. వంటాయనది పాలకొల్లు. పులుసు వడ్డిస్తూ, "మా గోదారోళ్ళు పులుపు తగ్గిందంటారు, తెలంగాణోళ్ళు కారం తగ్గిందంటారు. ఇద్దరికీ సరేనని చెప్పి రోజూ ఇదే వండుతున్నానండి," అన్నాడు. లచ్చన్న నవ్వాడు గాని సగం అన్నమే తిన్నాడు. ఎందుకని అడిగితే, ఎక్కడో చూస్తూ చెప్పాడు. "నా బిడ్డ టీచర్ మేడమ్. మొన్న ఫోన్ల అడిగింది, నాయినా, ఇన్నేండ్లు దుబాయ్ల ఏం చేసినవో ఒక్కటి చూపియ్ అని. ఇది ఖతార్ బిడ్డా అన్న. ఏదైతేంది, చూపియ్ అన్నది. నా తాన ఏమున్నది చూపియ్యనీకి? ఏసిన కాడికి మళ్ల పోనియ్యరు. క్యాంప్ల మంచం ముంగట దిగిన ఫొటోలే ఉన్నయ్."

బిన్ మహమూద్ నుంచి గోల్డ్ లైన్‌లో ముషేరిబ్ తర్వాత వచ్చేది సూక్ వాకిఫ్. మనిషికి రెండు రియాళ్ళు, ఆరేడు నిమిషాలు. పైకి వచ్చి పది నిమిషాలు నడిస్తే బ్యాంక్ స్ట్రీట్. అసలు పేరు వేరే ఉన్నా జనం నోట ఇదే పేరు. ఒకప్పుడు దోహాలో బ్యాంకులన్నీ ఈ రోడ్డుకి రెండు వైపులా ఉండేవి. చాలావరకు సముద్రానికి అవతల గాజు టవర్లలోకి మారిపోయాయి. మిగిలిన భవనాల్లో కొన్ని ఇంకా పనిచేస్తున్నాయి, కొన్ని రేకులు కట్టుకుని ఉన్నాయి. లచ్చన్న ఎవర్నీ అడగకుండా నేరుగా ఒకదాని ముందు ఆగాడు. నాలుగంతస్తుల కాంక్రీటు భవనం. ముందు వైపు నేల నుంచి కప్పు దాకా లేచిన సన్నటి కమానులు, వాటి వెనక బాగా లోపలికి జరిగిన అద్దాలు. ఎండ నేరుగా తగలకుండా అలా కట్టారు. గుమ్మానికి ఇత్తడి తలుపులు. చుట్టూ రేకుల కంచె, గేటు పక్కన కుర్చీలో నేపాల్ వాచ్‌మన్.

"బంద్ హై మేడమ్. పని జరుగుతోంది, లోపలికి ఎవరినీ వదలొద్దన్నారు," అన్నాడు. నేను ఆఫీసు కార్డు చూపించాను, లచ్చన్న హిందీలో ఏదో చెప్పాడు. ఆయన తల అడ్డంగా ఊపుతూనే ఉన్నాడు. చివరికి, ఇంజనీరుకి ఫోన్ కలిపి ఇస్తాను, మీరే మాట్లాడుకోండి అన్నాడు. ఇంజనీరు పేరు హాతెమ్, ఈజిప్టు ఆయన. పాత బ్యాంకుల డ్రాయింగులు గీస్తాను, ఇక్కడ పనిచేసిన మేస్త్రీ నాతో ఉన్నాడు, పది నిమిషాలు హాలు చూసి వెళ్తాం అని ఇంగ్లీషులో చెప్పాను. "నేను దగ్గర్లోనే, అల్ ముంతజాలో ఉన్నాను. భోంచేసి వస్తాను. నేను వచ్చేదాకా లోపల కాలు పెట్టొద్దు," అన్నాడు.

ఎదురుగా నీడలో గట్టు మీద కూర్చున్నాం. ఊరుకోలేక ఫోన్‌లో నా అమెరికా బ్యాంకుల ఫొటోలు లచ్చన్నకి చూపించడం మొదలుపెట్టాను. ఆయన ఒక్కొక్కటీ వేళ్ళతో పెద్దది చేసి చూశాడు. ముందు రాతి స్తంభాలు చూస్తాడు, తర్వాత నేల.

"బ్యాంకుకు గుడి లెక్క గీ స్తంభాలు ఎందుకు మేడమ్?"

నేను ఆఫీసులో కొత్తవాళ్ళకి చెప్పేదే చెప్పాను. ఆ రోజుల్లో అక్కడ బ్యాంకు మునిగితే దాచుకున్నవాళ్ళ డబ్బుకి ప్రభుత్వం పూచీ ఉండేది కాదు. బ్యాంకు ఊగుతోందని ఊళ్ళో ఎవరో ఒక మాట అంటే చాలు, తెల్లారేసరికి గుమ్మం ముందు జనం బారులు తీరేవారు. అందుకని కట్టేటప్పుడే, చూడగానే ఇది కదలదు అనిపించేలా కట్టేవారు. గ్రీకు గుడుల మాదిరి స్తంభాలు, మందపు గోడలు, తల ఎత్తి చూడాల్సిన కప్పు. డబ్బు దాచే గదికి పెద్ద గుండ్రటి ఉక్కు తలుపు చేయించి, లోపలెక్కడో దాచకుండా హాల్లోకి వచ్చిన ప్రతి ఒక్కరికీ కనబడేలా పెట్టేవారు. తర్వాత రోజుల్లో పూచీ ప్రభుత్వం తీసుకుంది. ఇక భయపెట్టేంత గోడలు అక్కర్లేదని, రండి రండి అన్నట్టు అద్దాల బ్యాంకులు కట్టారు, కారు దిగకుండానే పని అయ్యే కిటికీలు పెట్టారు. పాత హాళ్ళలో ఎత్తు తగ్గించి దొంగకప్పులు వేశారు, నేల మీద కార్పెట్లు పరిచారు. ఈ దోహా భవనం ఆ రెండు తీరులకీ మధ్యలో ఉన్నట్టుంది. ముందు అద్దమే ఉన్నా, దాన్ని కాసే కాంక్రీటు కమానుల్లో ఆ పాత స్తంభాల బింకం కనిపిస్తుంది.

లచ్చన్న అంతా విని, "అంటే బిల్డింగే జమానతు అన్నట్టు," అన్నాడు. పన్నెండేళ్ళుగా డ్రాయింగులు గీస్తున్నాను. ఇంత చిన్న మాటలో నేనెప్పుడూ చెప్పలేకపోయాను.

హాతెమ్ వచ్చేసరికి మూడు కావస్తోంది. యాభై దాటిన మనిషి, నుదుటి మీదికి తోసిన కళ్ళజోడు, సెలవు రోజున కదిలించారన్న విసుగు ముఖం మీదే ఉంది. ఇద్దరికీ హెల్మెట్లు ఇచ్చి లోపలికి తీసుకెళ్ళాడు. దొంగకప్పు అప్పటికే పీకేశారు. పైన అసలు కప్పు గళ్ళుగళ్ళుగా, చీకట్లోకి వెళ్ళిపోయినట్టు ఉంది. కౌంటర్లు లేవు. నేలంతా బూడిద రంగు కార్పెట్ పలకలు, వాటి మీద సిమెంటు దుమ్ము.

"ఎక్కడ మీ రాయి?" అన్నాడు హాతెమ్. "నా డ్రాయింగులో కార్పెట్ కింద సిమెంటు నేల అని ఉంది. ఆదివారం పగలగొట్టడానికి మనుషులు వస్తున్నారు."

లచ్చన్న తలుపు నుంచి రెండో స్తంభం దగ్గరికి వెళ్ళి, దానికి వీపు ఆనించి నిలబడ్డాడు. అక్కడి నుంచి అడుగు ముందు అడుగు పెట్టుకుంటూ పదకొండు అడుగులు నడిచి, కూర్చుని, అరచేత్తో దుమ్ము తుడిచాడు. "ఈడ," అన్నాడు.

వాచ్‌మన్ ఇనప పట్టీ తెచ్చాడు. నాలుగు కార్పెట్ పలకలు లేచాయి. కింద నల్లటి జిగురు, తారు పూసినట్టు. రాయి ఛాయ కూడా లేదు. హాతెమ్ నా వైపు చూశాడు. ఎవరి మాటో నమ్మి ఇంత దూరం లాక్కొచ్చాను గదా అనిపించింది. లచ్చన్న మాత్రం తొందరపడలేదు. వేడినీళ్ళు, సబ్బు, ఒక చెక్క ముక్క అడిగాడు. వాచ్‌మన్ టీ కెటిల్‌లో నీళ్ళు కాచి తెచ్చాడు. తెల్ల చొక్కా చేతులు పైకి మడిచి, జిగురు మీద నీళ్ళు పోసి నాననిచ్చి, చెక్కతో మెల్లగా తోశాడు. మళ్ళీ పోశాడు. పావుగంట గడిచాక అరచేతి వెడల్పున ఆకుపచ్చ రంగు బయటపడింది. ఇంకో పావుగంటకి ఆ ఆకుపచ్చ ఒక మొనగా తేలి, పక్కన తెల్లరాయి కనబడింది. రెండు రాళ్ళ మధ్య అతుకు వెంట్రుకంత కూడా లేదు. హాతెమ్ కళ్ళజోడు దించుకుని మోకాళ్ళ మీద కూర్చున్నాడు.

లచ్చన్న ఇంకో రెండు పలకలు తీశాడు. చెయ్యి ఆగిపోయింది. నక్షత్రం నడుమ నుంచి ఒక చేతి వెడల్పున సిమెంటు చార. కేబుల్ పైపులు వేయడానికి ఎప్పుడో యంత్రంతో రాయిని కోసి, పైన సిమెంటు పూశారు. చార పోయిన దారిని బట్టి అటు నాలుగు మొనలు, ఇటు మూడు మిగిలి ఉండాలి, ఒకటి పూర్తిగా పోయింది.

"కోసిండ్రు," అన్నాడు. అంతే. ఆ చార మీద వేళ్ళు పెట్టి, ఒక చివర నుంచి ఇంకో చివరికి తడిమి చూశాడు. ఆయన మళ్ళీ చెక్క ముక్క తీసుకుని మిగిలిన మొన శుభ్రం చేయడం మొదలుపెట్టాడు.

తర్వాత కౌంటర్లు ఉండిన చోట కూడా ఒక పలక తీసి చూశాం. అక్కడ తెల్లరాయి కాస్త గుంటపడి ఉంది. కంటికి ఆనదు, చెయ్యి పెడితే తెలుస్తుంది. కార్పెట్ వేయకముందు జనం వరుసలో నిలబడి, జరిగి, మళ్ళీ నిలబడిన చోటు. ఇన్నేళ్ళలో నేను గీసిన ఏ డ్రాయింగులోనూ ఇలాంటిది లేదు. స్కానింగ్ యంత్రానికి కార్పెట్ కనబడుతుంది, దాని కింద జనం నిలబడిన గుర్తు కనబడదు.

హాతెమ్ ఫొటోలు తీసుకున్నాడు. "నేను మాట ఇవ్వలేను. యజమానిని అడగాలి. రెండు వారాలైనా పని వెనక్కి పోతుంది," అని నాతో అని, లచ్చన్న వైపు తిరిగాడు. "మీరు రెండు నెలలు ఉండగలరా? ఈ పని మీకే ఇప్పిస్తాను."

నేను తెలుగులో చెప్పాను. లచ్చన్న చేతులు తుడుచుకుంటూ నేల వైపు చూశాడు. "వీసా క్యాన్సిల్ అయింది. టికెట్ అయింది. మా ఇంటామె పొద్దు పొద్దుకు దినాలు లెక్కవెడ్తున్నది," అన్నాడు. "ఉండను మేడమ్. కాని ఎట్ల తియ్యాలెనో చెప్త, రాస్కోమనుండ్రి."

ఆయన చెప్తుంటే నేను ఇంగ్లీషులో రాశాను. యాసిడ్ తాకించొద్దు, తెల్లరాయి తినేస్తది. వేడినీళ్ళు, సబ్బు, చెక్క. ఇనుము అసలే వద్దు. జిగురు పోయినంక రెండు దినాలు ఆరనియ్యాలె, అప్పుడే మిషన్, అది గూడ సన్న రాయితోని. కోసిన కాడ ఆకుపచ్చ రాయే పెట్టాలె, దొరకకుంటె తెల్లది పెట్టాలె గాని రంగు పూయొద్దు. హాతెమ్ ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుని, లచ్చన్నకి చెయ్యి అందించి, "షుక్రన్, ఉస్తాద్," అని అరబ్బీలో కృతజ్ఞత చెప్పాడు. లచ్చన్న ఆ చేతిని వెంటనే వదల్లేదు.

ఫొటో తీస్తానన్నాను. ఆయన బూట్లు విప్పి, తెరిచిన మేర పక్కన నిలబడ్డాడు. సిమెంటు చార కనబడకుండా నేను కాస్త పక్కకి జరిగితే వారించాడు. "కోసిన కాడ గూడ రానియ్యుండ్రి మేడమ్. నా బిడ్డకు అబద్ధం ఎందుకు."

బయటికి వచ్చి మూల మీది కొట్లో పాలు, యాలకులు వేసి మరిగించిన కరక్ టీ తాగాం, కప్పు ఒక రియాలు. అప్పుడు నా ఒహాయో డ్రాయింగు సంగతి చెప్పాను. అక్కడ కూడా నేల మీద కార్పెట్ ఉందని, కింద ఏముందో తెలియక "మొత్తం తొలగించాలి" అని రాశానని. లచ్చన్న టీ కప్పు దించి, నిజంగా అర్థంకాక అడిగాడు. "చూడకుంట ఎట్ల రాసిండ్రు మేడమ్?"

నా దగ్గర జవాబులు చాలానే ఉన్నాయి. గడువు, దూరం, అది మొదటి చిత్తే కదా, అక్కడివాళ్ళు మళ్ళీ చూసుకుంటారు కదా. కానీ హాతెమ్ చేతిలో "సిమెంటు నేల" అని ఉన్న ఆ డ్రాయింగు కూడా నాలాంటివాళ్ళెవరో ఎక్కడో కూర్చుని రాసిందే.

ఆదివారం పొద్దున ఆ మాట కొట్టేసి, "కార్పెట్ తీసి నాలుగు చోట్ల చూశాకే నిర్ణయించాలి, తారు జిగురు ఉంటే యాసిడ్ వాడరాదు" అని రాసి పంపాను. అమెరికా ఆర్కిటెక్టు నుంచి ఒక్క వాక్యం వచ్చింది, వచ్చే నెల వెళ్ళి తీసి చూస్తామని. అక్కడ రాయి ఉందో, వట్టి సిమెంటే ఉందో ఇది రాసేనాటికి నాకు తెలియదు. లచ్చన్న సోమవారం వెళ్ళిపోయాడు. మూడు వారాల తర్వాత హాతెమ్ కబురుతో పాటు బాగుచేసిన నక్షత్రం ఫొటో పంపాడు. హాలు మొత్తం ఉంచడానికి యజమాని ఒప్పుకోలేదు. స్తంభాల మధ్య భాగం, నక్షత్రం ఉన్నంత మేర ఉంచుతారు. కౌంటర్ల దగ్గరి గుంటపడిన రాయి పోయింది. ఆ ఫొటో లచ్చన్నకి పంపితే వాయిస్ మెసేజ్ వచ్చింది. వెనక ఎవరో నవ్వుతున్నారు, ఎక్కడో ట్రాక్టర్ చప్పుడు. "చూసిన మేడమ్. కోసిన కాడ తెల్లరాయి వెట్టిండ్రు, మంచిగనే కూసున్నది. అతుకు జర లావైంది. చేసినోనికి చెప్పుండ్రి, ఇంకోసారి సన్నగ పడ్తదని."

పాత బ్యాంకుల గురించి ఇన్నాళ్ళూ నేను కట్టించినవాళ్ళ వైపు నుంచే ఆలోచించాను. స్తంభం ఎందుకు పెట్టారు, తలుపు ఎందుకు చూపించారు, జనాన్ని ఎలా నమ్మించారు అని. లచ్చన్నతో వెళ్ళాక ఇంకోటి తెలిసింది. ఆ నమ్మకాన్ని చేత్తో చేసినవాళ్ళలో చాలామందికి తర్వాత ఆ గుమ్మం దాటే పని పడలేదు. ఒహాయోలో రాళ్ళు చెక్కినవాళ్ళూ బహుశా ఎక్కడెక్కడి నుంచో వచ్చినవాళ్ళే అయివుంటారు. వాళ్ళ పేర్లు నా డ్రాయింగుల్లో లేవు, ఉండే వీలూ లేదు. కానీ వాళ్ళ పని మీద ఒక గీత గీసి కొట్టేసేముందు, ఎవరినైనా పంపి వంగి చూడమనడం నా చేతుల్లో ఉంది.

మీరూ బ్యాంక్ స్ట్రీట్ చూడాలనుకుంటే చలికాలంలో శుక్రవారం మధ్యాహ్నం రెండు దాటాక సూక్ వాకిఫ్ స్టేషన్లో దిగి నడవండి, కెమెరా తీసేముందు వాచ్‌మన్‌ని అడగండి. వీలైతే ఒంటరిగా వెళ్ళొద్దు. మీ బిల్డింగులోనో క్యాంపులోనో రాతి పని, సెంట్రింగ్ పని చేసి ఇంటికి వెళ్ళిపోబోతున్న పెద్దవాళ్ళు ఎవరో ఒకరు ఉంటారు. ఈ ఊళ్ళో మీరు ఏది కట్టారు అని వాళ్ళని అడిగి, వాళ్ళు చెప్పిన చోటికి వాళ్ళతోనే వెళ్ళండి.